టోలర్ హాల్ పేరు వెనక ఉన్న 1951 సీజన్

నమస్కారమండీ. మీ అబ్బాయి ఈ ఏడాది యూనివర్సిటీ ఆఫ్ శాన్ ఫ్రాన్సిస్కోలో చేరాడని, హాస్టల్ పేరు టోలర్ హాల్ అని రాశారు. ఆ టోలర్ ఎవరని అడిగితే, "1951 ఫుట్‌బాల్ టీమ్‌లో ఆడినాయన. ఆ టీమ్ ఒక్క మ్యాచ్ కూడా ఓడలేదు, అయినా బౌల్‌కి పిలవలేదు" అని చెప్పారట. ఇంతకీ బౌల్ అంటే ఏమిటి, ఆ కుర్రాళ్ళు నిజంగానే అంత పెద్ద అవకాశం వదులుకున్నారా, లేక కాలేజీవాళ్ళు గొప్ప కోసం పెంచి చెబుతున్నారా అన్నది మీ సందేహం.

నేను బే ఏరియాకి వచ్చి 22 ఏళ్ళయింది. మా అబ్బాయి హైస్కూల్లో ఆడే రోజుల్లో, మైదానం పక్కన గొలుసు పట్టుకోవడానికి మనుషులు కావాలంటే వెళ్ళాను. వాడి చదువు అయిపోయినా నేను మాత్రం మానలేదు. ప్రతి శరదృతువులో శుక్రవారం సాయంత్రాలు అక్కడే ఉంటాను. టోలర్ పేరు మొదటిసారి విన్నది కూడా అక్కడే, నాకు ఆ పని నేర్పిన పెద్దాయన నోట. అప్పటినుంచి ఆ సీజన్ గురించి దొరికిందల్లా చదువుతూ వచ్చాను. అందుకే మీకు కాస్త పొడుగ్గానే రాస్తున్నాను.

ముందు ఒక్క మాటలో చెబుతాను: అది నిజంగా జరిగింది. కాకపోతే చెప్పగా చెప్పగా కథకి కొన్ని చోట్ల మెరుగులు పడ్డాయి. ఆ మెరుగులు తీసేసి చూస్తే ఆ కుర్రాళ్ళ మీద నాకు గౌరవం ఇంకా పెరిగింది. ఎందుకో కింద చెబుతాను.

ఆట గురించి నాలుగు మాటలు చెప్పకపోతే స్కోర్లు అర్థం కావు. ఇది మనం ఫుట్‌బాల్ అనే ఆట కాదు. రెండు కొనలూ సూదిగా ఉండే బంతిని చేత్తో పట్టుకుని పరిగెత్తుతారు, విసురుతారు. బంతి ఉన్న జట్టుకి నాలుగు అవకాశాలు ఇస్తారు. ఆ నాలుగింట్లో 10 గజాలు ముందుకు జరగాలి. జరిగితే మళ్ళీ నాలుగు, జరగకపోతే బంతి అవతలివాళ్ళకి పోతుంది. మేము పట్టుకునే గొలుసు పొడవు సరిగ్గా ఆ 10 గజాలే. బంతితో చివరి గీత దాటితే టచ్‌డౌన్, దానికి 6 పాయింట్లు. తర్వాత కొట్టే కిక్కు సరిగ్గా పడితే ఇంకో పాయింటు. స్కోర్లలో 7, 14 తరచుగా కనిపించేది అందుకే. బంతి పట్టుకున్నవాణ్ణి అతని సొంత గీత వెనకాలే పడగొడితే 2 పాయింట్లు, దాన్ని సేఫ్టీ అంటారు. ఈ 2 పాయింట్ల సంగతి గుర్తుపెట్టుకోండి, తర్వాత పనికొస్తుంది.

ఇక ఆ కాలేజీ. 1855లో జెసూట్ ఫాదర్లు పెట్టిన చిన్న క్యాథలిక్ కాలేజీ అది. టీమ్ పేరు డాన్స్. గోల్డెన్ గేట్ పార్క్ మూలన ఉన్న కీజర్ స్టేడియంలో ఆడేవాళ్ళు. పక్కనే బర్క్లీ, స్టాన్‌ఫర్డ్ లాంటి పెద్ద కాలేజీలు ఉండగా వీళ్ళని పట్టించుకునేవాళ్ళు తక్కువ. బాస్కెట్‌బాల్‌లో మాత్రం 1949లో న్యూయార్క్ వెళ్ళి ఎన్‌ఐటీ టోర్నమెంట్ గెలుచుకొచ్చారు. బిల్ రసెల్ వచ్చి 1955, 1956లో జాతీయ టైటిళ్ళు తెచ్చింది ఆ తర్వాతి కథ.

ఫుట్‌బాల్ కోచ్ జో కుహారిచ్. నోటర్ డామ్‌లో ఆడి, తర్వాత ప్రొఫెషనల్‌గా ఆడి వచ్చినవాడు, శిక్షణలో చాలా కఠినంగా ఉండేవాడు. 1950లో ఆయన టీమ్ 7 గెలిచి 4 ఓడింది. మంచి రికార్డే, గొప్పది కాదు. కానీ ఆ జట్టులో ఎవరెవరున్నారో ఇప్పుడు చూస్తే ఆశ్చర్యం వేస్తుంది.

ఒకడు ఓలీ మాట్సన్. టెక్సాస్‌లో పుట్టి, చిన్నప్పుడే శాన్ ఫ్రాన్సిస్కో వచ్చిన నల్లజాతి కుర్రాడు. పహిల్వాన్ లాంటి ఒళ్ళు, 400 మీటర్ల పరుగు వీరుడి కాళ్ళు. ఆ రెండూ ఒకే మనిషిలో ఉండటం ఈ ఆటలో ఎంత అరుదో గొలుసు పట్టుకుని గీత పక్కన నిలబడితే తెలుస్తుంది. బరువున్నవాడు మనల్ని దాటి వెళ్తుంటే నేల అదురుతుంది, వేగం ఉన్నవాడు వెళ్తే గాలి తగులుతుంది. మాట్సన్ వెళ్తే రెండూ జరిగి ఉంటాయి.

ఇంకొకడు బర్ల్ టోలర్, మీ అబ్బాయి హాస్టల్ పేరు ఆయనదే. టెనెసీ రాష్ట్రంలోని మెంఫిస్‌లో పుట్టాడు. అంటే బస్సుల్లో, బళ్ళలో, హోటళ్ళలో నల్లవాళ్ళని వేరుగా ఉంచే చట్టాల మధ్య పెరిగినవాడు. కాలిఫోర్నియా వచ్చి సిటీ కాలేజ్ ఆఫ్ శాన్ ఫ్రాన్సిస్కోలో చేరాడు. అక్కడ 1948లో మాట్సన్‌తో కలిసి ఆడాడు, ఆ జట్టు కూడా ఓటమి ఎరగనిదే. తర్వాత ఇద్దరూ డాన్స్‌కి వచ్చారు. టోలర్ లైన్‌బ్యాకర్. అంటే బంతితో దూసుకొచ్చేవాణ్ణి ఎదురెళ్ళి పడగొట్టడం ఆయన పని. టీమ్‌లో అందరికంటే మంచి ఆటగాడు మాట్సన్ కాదు, టోలరే అని ఆ జట్టువాళ్ళు కొందరు ముసలితనంలో కూడా అనేవాళ్ళు.

జట్టు మొత్తంలో నల్లజాతివాళ్ళు ఈ ఇద్దరే.

మిగతావాళ్ళలో జీనో మార్కెట్టి ఇటలీ నుంచి వలస వచ్చినవాళ్ళ కొడుకు. రెండో ప్రపంచ యుద్ధంలో బల్జ్ పోరాటంలో పాల్గొని తిరిగొచ్చాడు. బాబ్ సెయింట్ క్లెయిర్ శాన్ ఫ్రాన్సిస్కో ఊళ్ళోనే పుట్టి పెరిగినవాడు, ఎత్తు 6 అడుగుల 9 అంగుళాలు. బంతి విసిరే క్వార్టర్‌బ్యాక్ ఎడ్ బ్రౌన్. టీమ్ గురించి పత్రికలవాళ్ళకి సమాచారం పంపే పని పీట్ రోజెల్ అనే పాతికేళ్ళ కుర్రాడిది. ఆ పేరు కాస్త గుర్తుంచుకోండి, మళ్ళీ వస్తాడు.

సీజన్ శాన్ హోసే స్టేట్ మీద 39-2తో మొదలైంది. ఆ 2 సేఫ్టీ వల్ల వచ్చినవే, అంటే అవతలివాళ్ళకి ఒక్క టచ్‌డౌన్ కూడా దక్కలేదు. తర్వాత ఐడహో మీద 28-7. క్యాంప్ పెండిల్టన్ మెరైన్స్ మీద 26-0. కొరియా యుద్ధం నడుస్తున్న రోజులు కదా, సైనిక శిబిరాల టీమ్‌లు కూడా కాలేజీలతో ఆడేవి. మళ్ళీ శాన్ హోసే మీద 42-7.

తర్వాత న్యూయార్క్ ప్రయాణం, ఫోర్డమ్‌తో మ్యాచ్. నా దృష్టిలో సీజన్‌కి ఇదే అసలు పరీక్ష. అప్పట్లో ఎవరు గొప్ప ఆటగాడో, ఏ టీమ్ గొప్పదో తేల్చేది తూర్పు తీరం పత్రికలవాళ్ళు. పడమటి తీరంలో ఓ చిన్న కాలేజీ ఎంత బాగా ఆడినా వాళ్ళ కంట పడకపోతే లేనట్టే లెక్క. ఆ రోజు మాట్సన్ ఫోర్డమ్ కొట్టిన కిక్‌ఆఫ్‌ని అందుకుని మైదానం ఆ కొస నుంచి ఈ కొసకి పరిగెత్తి టచ్‌డౌన్ చేశాడు. ఒకసారి కాదు, అదే మ్యాచ్‌లో రెండుసార్లు. ఒక ఆటగాడు తన కాలేజీ జీవితం మొత్తంలో అలాంటిది ఒక్కటి చేస్తే పదేళ్ళు చెప్పుకుంటారు. అంత చేసినా మ్యాచ్ 32-26తో గట్టెక్కింది. సీజన్ మొత్తంలో వాళ్ళకి టెన్షన్ పెట్టిన మ్యాచ్ ఇదొక్కటే.

తిరిగొచ్చాక శాన్ డియేగో నేవీ టీమ్ మీద 26-7, సాంటా క్లారా మీద కూడా అదే స్కోరు. ఆ తర్వాత స్టాక్టన్ వెళ్ళి కాలేజ్ ఆఫ్ పసిఫిక్‌తో ఆడారు. ఈ మ్యాచ్ ఎవరు గెలిస్తే వాళ్ళకి పెద్ద బౌల్ నుంచి పిలుపు వస్తుందని అందరూ అనుకున్నారు. డాన్స్ 47-14తో గెలిచారు. చివరి మ్యాచ్ పాసడీనాలోని రోజ్ బౌల్ స్టేడియంలో లొయోలా మీద, 20-2. మళ్ళీ ఆ సేఫ్టీ 2 పాయింట్లే. తొమ్మిది ఆడి తొమ్మిదీ గెలిచారు. మాట్సన్ ఆ తొమ్మిదింట్లో 1,566 గజాలు పరిగెత్తి, 21 టచ్‌డౌన్లు చేసి దేశం మొత్తంలో మొదటి స్థానంలో నిలిచాడు. అసోసియేటెడ్ ప్రెస్ ర్యాంకుల్లో టీమ్‌కి 14వ స్థానం ఇచ్చారు.

ఇప్పుడు బౌల్ సంగతి. ఇది మన రంజీ ట్రోఫీలా క్వార్టర్ ఫైనల్, సెమీ ఫైనల్ అంటూ నడిచే పద్ధతి కాదు. సీజన్ అయ్యాక, కొత్త సంవత్సరం రోజున, చలి తక్కువగా ఉండే ఊళ్ళలో ఒక్కొక్క పెద్ద మ్యాచ్ పెట్టేవాళ్ళు. ఆ ఊరి వ్యాపారస్తులు, పెద్దమనుషులు కమిటీగా ఏర్పడి, తమకి నచ్చిన రెండు టీమ్‌లని పిలిచేవాళ్ళు. మయామీలో ఆరెంజ్ బౌల్, న్యూ ఆర్లియన్స్‌లో షుగర్ బౌల్, జాక్సన్‌విల్‌లో గేటర్ బౌల్. పిలుపు వస్తే పేరూ, డబ్బూ రెండూ వస్తాయి. పడమటి తీరంలో ఉన్న రోజ్ బౌల్ మాత్రం పసిఫిక్ కోస్ట్ కాన్ఫరెన్స్, బిగ్ టెన్ అనే రెండు కూటముల మధ్య ఒప్పందం. డాన్స్ ఏ కూటమిలోనూ లేరు. చివరి మ్యాచ్ ఆ స్టేడియంలోనే ఆడి గెలిచినా, కొత్త సంవత్సరం రోజున ఆ గేటు వాళ్ళకి తెరుచుకోదు. కాబట్టి పిలుపు వస్తే దక్షిణాది నుంచే రావాలి.

దక్షిణాది అంటే అప్పటికి ఏమిటో మీకు విడమర్చి చెప్పనక్కర్లేదనుకుంటాను. మన ఊళ్ళలో రెండు గ్లాసుల పద్ధతి చూసినవాళ్ళకి, పెళ్ళిళ్ళలో వేరే పంక్తి వేయడం చూసినవాళ్ళకి అది ఇట్టే అర్థమవుతుంది. అక్కడ అదంతా చట్టంగా రాసి పెట్టుకున్నారు. ఆడే మైదానానికి కూడా అదే వర్తించేది.

డాన్స్‌కి అందిన కబురు ఇది: మాట్సన్, టోలర్ లేకుండా వస్తామంటే బౌల్‌కి రావచ్చు. కుహారిచ్ ఆ సంగతి జట్టు ముందు పెట్టాడు. కుర్రాళ్ళు వెళ్ళం అన్నారు.

జరిగింది అంతే. మెరుగులు అన్నాను కదా, అవి ఇక్కడినుంచే మొదలవుతాయి. కొందరు చెప్పేటప్పుడు బంగారు అంచు ఉత్తరం వచ్చిందని, గదిలో తలుపులు వేసుకుని రహస్య ఓటింగ్ పెట్టారని, కన్నీళ్ళతో ఉపన్యాసాలు ఇచ్చారని చెబుతారు. బౌల్ కమిటీలు ఇలాంటి మాటలు కాగితం మీద పెట్టేవి కావు, నోటి మాటగా చేరవేసేవి. ఓటింగూ జరగలేదు. ఆ జట్టువాళ్ళు తర్వాత ఎన్నోసార్లు చెప్పింది ఒకటే: దాని గురించి ఆలోచించాల్సిన అవసరం కూడా మాకు రాలేదు, వెంటనే వద్దన్నాం. ఓటు పెట్టారంటే అటో ఇటో తేల్చుకోవాల్సిన విషయం ఏదో ఉందన్నట్టే కదండీ. ఇరవై ఏళ్ళు దాటీ దాటని కుర్రాళ్ళు, జీవితంలో మళ్ళీ రాని అవకాశం, దాని మీద చర్చే అక్కర్లేదన్నారు. నాకు ఈ వైపే ఎక్కువ విలువైనదిగా కనిపిస్తుంది.

రెండో మెరుగు: బౌల్‌కి వెళ్ళి ఉంటే వచ్చిన డబ్బుతో కాలేజీ ఫుట్‌బాల్ బతికేది, వెళ్ళనందువల్లే మూతపడింది అంటారు. సీజన్ అయిన కొన్ని వారాల్లోనే యూనివర్సిటీ ఫుట్‌బాల్‌ని ఎత్తేసిన మాట నిజం. కానీ ఒక్క బౌల్ డబ్బు దాన్ని నిలబెట్టేది కాదని నా అభిప్రాయం. చుట్టూ ఏం జరుగుతోందో చూడండి. దగ్గర్లోనే ఉన్న సెయింట్ మేరీస్ 1950 సీజన్‌తోనే మానేసింది. జార్జ్‌టౌన్ కూడా అప్పుడే. లొయోలా 1951తో ఆపేసింది, సాంటా క్లారా ఇంకొక్క ఏడాది నెట్టుకొచ్చి 1952తో ఆపేసింది. న్యూయార్క్‌లో వీళ్ళకి చెమటలు పట్టించిన ఫోర్డమ్ 1954తో ముగించింది. చిన్న క్యాథలిక్ కాలేజీలన్నీ వరసగా రాలిపోతున్న కాలం అది. కారణాలు ఆ ఊరివే. శాన్ ఫ్రాన్సిస్కోలో 49ఎర్స్ అనే ప్రొఫెషనల్ టీమ్ 1946లో పుట్టి, అదే కీజర్ మైదానంలో ఆదివారాలు ఆడేది. టికెట్ కొనేవాడు వారానికి ఒక్కసారి కొంటాడు, ఎవరికి కొంటాడు? పైగా ఇళ్ళలోకి టీవీ వచ్చేసింది. దాడికి ఒక జట్టు, రక్షణకి ఇంకో జట్టు దించే పద్ధతి వచ్చాక స్కాలర్‌షిప్పులు, దుస్తులు, ప్రయాణాలు అన్నీ దాదాపు రెట్టింపయ్యాయి. పెద్ద కాలేజీలు తట్టుకున్నాయి, చిన్నవాటి వల్ల కాలేదు.

అయితే ఆ కుర్రాళ్ళకి అప్పుడు ఈ లెక్కలన్నీ తెలియవు. వాళ్ళకి తెలిసిందల్లా కాలేజీ అప్పుల్లో ఉందని, డబ్బు రాకపోతే టీమ్ ఉండదని. అది తెలిసి కూడా వద్దన్నారు. అందుకే ఈ మెరుగు తీసేసినా వాళ్ళు చేసిన పని విలువ తగ్గదు.

మూడోది ఎదురువైపు వాదన. ఈమధ్య కొందరు ఇందులో జాతి వివక్ష ఏమీ లేదు, డాన్స్ ఆడిన టీమ్‌లు చిన్నవి కాబట్టే పిలవలేదు అంటున్నారు. అప్పటి బౌల్ కమిటీలు బయటికి చెప్పిన కారణం కూడా అదే. అందులో కొంత నిజం లేకపోలేదు. సైనిక శిబిరాల టీమ్‌లు, శాన్ హోసేతో రెండుసార్లు ఆడటం, ఇది బలమైన షెడ్యూల్ అని నేను కూడా అనను. కానీ ఒక్క విషయం ఈ వాదనకి అడ్డం పడుతుంది. డాన్స్ చేతిలో 47-14తో ఓడిన కాలేజ్ ఆఫ్ పసిఫిక్‌కి బౌల్ పిలుపు వచ్చింది! 1952 జనవరి 1న ఎల్ పాసోలో జరిగిన సన్ బౌల్‌లో వాళ్ళు టెక్సస్ టెక్‌తో ఆడి 25-14తో ఓడారు. ఓడినవాళ్ళు బౌల్‌లో ఆడుతుంటే ఓడించినవాళ్ళు ఇంట్లో కూర్చున్నారు. పైగా పసిఫిక్ టీమ్‌లో ఎడీ మేకన్ అనే నల్లజాతి ఆటగాడు ఉన్నాడు, ఎల్ పాసోలో ఆడాడు కూడా. టెక్సాస్ సరిహద్దు ఊరికి సాధ్యమైంది మిగతావాళ్ళకి ఎందుకు సాధ్యం కాలేదు?

అంతకుముందు కూడా జరిగింది. 1946లో మయామీతో మ్యాచ్‌కి తమ ఇద్దరు నల్లజాతి ఆటగాళ్ళని తీసుకురావద్దంటే పెన్ స్టేట్ కాలేజీ మ్యాచ్‌నే రద్దు చేసుకుంది. అదే పెన్ స్టేట్ 1948 జనవరి 1న డాలస్‌లో కాటన్ బౌల్ ఆడింది. అందరికీ కలిపి హోటల్ దొరకదని టీమ్ మొత్తం నేవీ స్థావరంలో బస చేసింది. మ్యాచ్ 13-13తో సమం అయింది. సమం చేసిన టచ్‌డౌన్ పట్టింది వాలెస్ ట్రిప్లెట్, ఆ ఇద్దరు నల్లజాతి ఆటగాళ్ళలో ఒకడు. అంటే 1951 నాటికి ఇది ఎవరూ కనీవినీ ఎరగని సంగతేమీ కాదు. కావాలనుకున్న ఊరు దారి చూసుకుంది.

అదే 1951 సీజన్లో, అక్టోబర్ 20న, ఓక్లహోమాలో ఇంకొకటి జరిగింది. డ్రేక్ యూనివర్సిటీకి ఆడే జానీ బ్రైట్ అనే నల్లజాతి ఆటగాడిని అవతలి టీమ్‌వాడు పదే పదే కొట్టాడు. కొట్టినప్పుడు బ్రైట్ దగ్గర బంతి కూడా లేదు, ఆట ఎక్కడో జరుగుతోంది. దవడ విరిగింది. ఆ దెబ్బల ఫొటోలు వరసగా తీసిన ఇద్దరు ఫొటోగ్రాఫర్లకి మరుసటి ఏడాది పులిట్జర్ బహుమతి వచ్చింది. కొట్టినవాడి కాలేజీ క్షమాపణ చెప్పింది 2005లో, అప్పటికి బ్రైట్ లేడు. డాన్స్ కుర్రాళ్ళు వద్దన్న రోజుల్లో దేశంలో గాలి ఎటు వీస్తోందో తెలియడానికి ఇది చెప్పాను. వాళ్ళకి చప్పట్లు కొట్టినవాళ్ళు ఎవరూ లేరు. పత్రికల్లో పెద్దగా రాలేదు. ఓటమి లేదు, టై లేదు, పిలుపూ లేదు అని ఆ టీమ్ గురించి అందరూ ఇప్పుడు చెప్పుకునే మాట జనంలోకి వెళ్ళింది ఎన్నో ఏళ్ళ తర్వాతే.

టీమ్ చెదిరిపోయింది. ఆ ఒక్క జట్టు నుంచి తొమ్మిదిమందిని 1952లో ప్రొఫెషనల్ టీమ్‌లు ఎంచుకున్నాయి. మాట్సన్‌ని చికాగో కార్డినల్స్ మొదటి రౌండ్లోనే తీసుకుంది, ఆ ఏడాదే కుహారిచ్ కూడా ఆ టీమ్‌కే కోచ్‌గా వెళ్ళాడు. అయితే మాట్సన్ ముందుగా వెళ్ళింది హెల్సింకీ ఒలింపిక్స్‌కి. అక్కడ 400 మీటర్లలో కాంస్యం, 4×400 రిలేలో రజతం గెలిచాడు. మన హైదరాబాద్‌కి చెందిన సయ్యద్ అబ్దుల్ రహీమ్ సాబ్ కోచ్‌గా భారత ఫుట్‌బాల్ టీమ్ వెళ్ళింది కూడా ఆ ఒలింపిక్స్‌కే. మనవాళ్ళలో చాలామంది బూట్లు లేకుండా ఆడి యుగోస్లావియా చేతిలో 10-1తో ఓడిపోయారు. ఆ రోజుల్లో హైదరాబాద్ సిటీ పోలీస్ టీమ్ రోవర్స్ కప్‌ని 1950 నుంచి ఐదేళ్ళు వరసగా గెలిచిన సంగతి మీ నాన్నగారి తరంవాళ్ళకి తెలిసే ఉంటుంది. విషయానికి కాస్త దూరం వచ్చాను, కానీ మాట్సన్, రహీమ్ సాబ్ ఒకే ఒలింపిక్స్‌లో ఉన్నారన్న మాట రాయకుండా ఉండలేకపోయాను.

మాట్సన్, మార్కెట్టి, సెయింట్ క్లెయిర్ ముగ్గురూ తర్వాత ప్రొఫెషనల్ ఫుట్‌బాల్ హాల్ ఆఫ్ ఫేమ్‌లోకి వెళ్ళారు. ఒకే ఏడాది ఒకే కాలేజీ జట్టులో ఆడిన ముగ్గురు! సెయింట్ క్లెయిర్‌కి ఇంకా ఒక ఏడాది చదువు మిగిలి ఉండటంతో టల్సా వెళ్ళి అక్కడ ఆడి, తర్వాత తన ఊరి 49ఎర్స్‌లోనే స్థిరపడ్డాడు. పత్రికలకి సమాచారం పంపిన ఆ పీట్ రోజెల్ 1960లో ప్రొఫెషనల్ ఫుట్‌బాల్ లీగ్ అయిన ఎన్‌ఎఫ్‌ఎల్‌కి కమిషనర్ అయ్యాడు, 1989 దాకా ఉన్నాడు. మీరు టీవీలో చూసే సూపర్ బౌల్ పుట్టి పెరిగింది ఆయన హయాంలోనే. 1959లో, ఇంకా లాస్ ఏంజెలెస్ రామ్స్ మేనేజర్‌గా ఉన్నప్పుడు, మాట్సన్ ఒక్కడి కోసం తొమ్మిదిమందికి సరిపడా బేరం ఇచ్చింది కూడా రోజెలే.

ఇక టోలర్. ఆయన కథే నన్ను అన్నిటికంటే ఎక్కువగా కదిలిస్తుంది. క్లీవ్‌లాండ్ బ్రౌన్స్ ఆయన్ని ఎంచుకుంది. కానీ 1952 వేసవిలో కాలేజీ స్టార్లకీ, ప్రొఫెషనల్ చాంపియన్లకీ మధ్య చికాగోలో జరిగే మ్యాచ్‌లో మోకాలు పూర్తిగా దెబ్బతింది. ఒక్క ప్రొఫెషనల్ మ్యాచ్ కూడా ఆడకుండానే ఆట ముగిసింది. జట్టులో అందరికంటే మంచివాడని తోటివాళ్ళు అనుకున్న మనిషికి!

ఆయన తిరిగి శాన్ ఫ్రాన్సిస్కో వచ్చి టీచర్ అయ్యాడు. బెంజమిన్ ఫ్రాంక్లిన్ మిడిల్ స్కూల్‌లో పనిచేసి, అక్కడే ప్రిన్సిపల్ అయ్యాడు. ఆ భవనానికి కూడా తర్వాత ఆయన పేరే పెట్టారు. 1965లో ఎన్‌ఎఫ్‌ఎల్ ఆయన్ని మ్యాచ్ అఫీషియల్‌గా తీసుకుంది. అమెరికాలోని పెద్ద ప్రొఫెషనల్ ఆటల్లో ఆ పని చేసిన మొదటి నల్లజాతి మనిషి ఆయనే. వారమంతా బడి, ఆదివారం మ్యాచ్. 25 సీజన్లు అలాగే చేశాడు. 1980లో సూపర్ బౌల్‌లో కూడా ఉన్నాడు. ఇరవైమూడేళ్ళ వయసులో ఆయన్ని తీసుకురావద్దని ఒక ఊరి పెద్దమనుషులు అన్నారు. ఆ తర్వాత దేశమంతా చూసే మ్యాచ్‌లో గీత ఎక్కడుందో, ఎవరు దాటారో చెప్పే మనిషి ఆయనే అయ్యాడు.

ఆయన పదవి హెడ్ లైన్స్‌మన్. మైదానం పక్క గీత మీద నిలబడి, గొలుసు పట్టుకున్నవాళ్ళని నడిపించే అఫీషియల్ అన్నమాట. నాకు పని నేర్పిన పెద్దాయన నోట టోలర్ పేరు రావడానికి కారణం ఇదే. నేను మొదటి రోజు గొలుసు సరిగ్గా బిగించకుండా వదిలేస్తే ఆయన దగ్గరికి వచ్చి, ఈ పని టోలర్ చూసే పని, గీతని తేలిగ్గా తీసుకోకు అన్నాడు. టోలర్ ఎవరో తెలియక ఇంటికెళ్ళి వెతికాను. అప్పటికి టోలర్ ఇంకా ఉన్నారు, 2009లో పోయారు. ఊళ్ళోనే ఉండి కూడా వెళ్ళి ఒకసారి చూసి రాలేదన్న బాధ నాకు ఇప్పటికీ ఉంది.

యూనివర్సిటీ 2006లో ఆ టీమ్‌వాళ్ళకి గౌరవ డాక్టరేట్లు ఇచ్చింది. మీ అబ్బాయి ఉండే భవనం పేరు మారింది 2017లో. అంతకుముందు అది ఫీలన్ హాల్. జేమ్స్ ఫీలన్ ఒకప్పటి శాన్ ఫ్రాన్సిస్కో మేయర్, తర్వాత సెనేటర్. 1920 ఎన్నికల్లో ఆయన ప్రచార నినాదం కాలిఫోర్నియాని తెల్లగా ఉంచుదాం అని. ముఖ్యంగా జపాన్ నుంచి వచ్చినవాళ్ళ మీద, మొత్తంగా ఆసియా వలసదారుల మీద ఎక్కుపెట్టిన నినాదం అది. ఆయన అనుకున్నదే జరిగి ఉంటే మీ అబ్బాయి గాని, మా అబ్బాయి గాని ఈ రాష్ట్రంలో కాలు పెట్టేవాళ్ళు కారు. ఆ పేరు తీసేయాలని విద్యార్థులు గట్టిగా అడిగారు, తీసేసి టోలర్ పేరు పెట్టారు.

కీజర్ స్టేడియం అక్కడినుంచి నడిచి వెళ్ళే దూరమే. పాతది 1989లో కూల్చి అదే చోట చిన్నది కట్టారు, అక్కడ ఇప్పటికీ హైస్కూల్ మ్యాచ్‌లు జరుగుతాయి. అబ్బాయికి తీరిక దొరికితే శరదృతువులో ఒక మ్యాచ్‌కి వెళ్ళమనండి. బంతి వెంట కాకుండా కాసేపు పక్క గీత వైపు చూడమనండి. నారింజ రంగు కర్రల మధ్య గొలుసు పట్టుకుని ఇద్దరు నిలబడి ఉంటారు. వాళ్ళకి రెండడుగుల ముందు చారల చొక్కా వేసుకుని ఒకరు నిలబడతారు. టోలర్ నిలబడింది ఆ చోటే.